ఐఎస్‌ఎల్ ఆగింది జనం చూడక కాదు

మన దేశంలో ఫుట్‌బాల్‌కి పెద్ద లీగ్ అయిన ఇండియన్ సూపర్ లీగ్ (ఐఎస్‌ఎల్) 2026 ఫిబ్రవరి 14న మొదలైంది. మామూలుగా సెప్టెంబరులో మొదలవ్వాల్సిన సీజన్ ఐదు నెలలు ఆలస్యంగా, దాదాపు సగానికి కుదించుకుని వచ్చింది. దానికి ముందు వాట్సాప్ గ్రూపుల్లో ఒక మాట తెగ తిరిగింది: "మన దేశంలో ఫుట్‌బాల్ ఎవరూ చూడరు, అందుకే లీగ్ మూతపడింది. ఉన్నది కాస్తా కోర్టు ఆపేసింది. ఇప్పుడు ఆడబోయే 13 మ్యాచ్‌లు నామమాత్రం. తెలుగువాళ్ళకైతే ఈ ఆటతో సంబంధమే లేదు." చదువుతుంటే బాధేస్తుంది, ఎందుకంటే తప్పు చేసినవాళ్ళని వదిలేసి నింద మొత్తం ప్రేక్షకుడి మీద వేస్తున్నారు.

ముందు "ఎవరూ చూడరు" అన్న మాట. 2025 ఏప్రిల్ 12న కోల్‌కతా సాల్ట్ లేక్ స్టేడియంలో మోహన్ బగాన్, బెంగళూరు ఫైనల్ ఆడాయి. స్టేడియానికి వచ్చినవాళ్ళు 60 వేలకు అటూ ఇటూ. మోహన్ బగాన్ అదనపు సమయంలో 2-1తో గెలిచింది. ఇది మూతపడే లీగ్‌కి వచ్చే జనమా? 2014లో తొలి సీజన్‌కి సగటున మ్యాచ్‌కి 25 వేల మందికి పైగా వచ్చారు, ఆ తర్వాత ఆ సగటు బాగా పడిపోయింది. ఆ మాట దాచాల్సిన పని లేదు. కానీ లీగ్ ఆగడానికి కారణం అది కాదు.

అసలు కారణం ఒక తేదీ. 2010లో అఖిల భారత ఫుట్‌బాల్ సమాఖ్య తన వాణిజ్య హక్కుల్ని 15 ఏళ్ళకి, 700 కోట్ల రూపాయలకి ఇచ్చేసింది. ఐఎస్‌ఎల్ నడిపిన రిలయన్స్ అనుబంధ సంస్థ ఎఫ్‌ఎస్‌డీఎల్ చేతిలో ఉన్నది ఆ హక్కులే. ఏటా సమాఖ్యకి 50 కోట్ల దాకా వచ్చేవి. ఆ ఒప్పందం 2025 డిసెంబరు 8తో ముగిసింది. అలా ముగుస్తుందని సంతకం పెట్టిన రోజు నుంచీ రెండు పక్షాలకీ తెలుసు. సెప్టెంబరులో మొదలై ఏప్రిల్ దాకా నడిచే సీజన్‌కి డిసెంబరులో హక్కులు పోతాయంటే ఏ నిర్వాహకుడు ముందుకొస్తాడు? టీవీకి ఏం అమ్ముతాడు? స్పాన్సర్‌కి ఏం చెప్తాడు? చర్చలు ఎప్పుడో ముగిసిపోవాల్సింది, 2025 వేసవి దాకా సాగుతూనే ఉన్నాయి. జులై 11న సీజన్‌ని పక్కన పెడుతున్నట్టు క్లబ్బులకి కబురొచ్చింది. ఇందులో ప్రేక్షకుడు చేసిన తప్పేంటి?

ఇక కోర్టు. సుప్రీంకోర్టులో కేసు 2017లో మొదలైంది, అదీ సమాఖ్య ఎన్నికలు నిబంధనల ప్రకారం జరగలేదని ఢిల్లీ హైకోర్టు కొట్టేయడం వల్ల. 2022 ఆగస్టులో ఫిఫా మన దేశాన్ని పదకొండు రోజుల పాటు సస్పెండ్ చేసిందీ ఈ గొడవల్లోనే. సమాఖ్య కొత్త నియమావళి ఖరారయ్యే దాకా పెద్ద ఒప్పందాలు చేసుకోవద్దని సుప్రీంకోర్టు అన్న మాట నిజమే. అయితే 2025 సెప్టెంబరులో లీగ్ వాణిజ్య హక్కుల టెండరుకి దారి తీసిందీ, అదే నెల 19న నియమావళిని ఆమోదించిందీ ఆ కోర్టే. ఆ ముసాయిదా రాసిన జస్టిస్ ఎల్. నాగేశ్వరరావు, ధర్మాసనానికి నేతృత్వం వహించిన జస్టిస్ పి.ఎస్. నరసింహ ఇద్దరూ తెలుగువాళ్ళే.

"మరి టెండరుకి ఒక్క బిడ్ కూడా రాలేదుగా?" అని అడుగుతారు. అవును, నవంబరు 7న గడువు ముగిసేసరికి ఎవరూ రాలేదు. షరతులు చూడండి: 15 ఏళ్ళ పాటు ఏటా కనీసం 37.5 కోట్లు, లేదా ఆదాయంలో 5 శాతం, ఏది ఎక్కువైతే అది సమాఖ్యకి కట్టాలి. లీగ్ ఖర్చూ నష్టభయమూ బిడ్డర్‌వి, పెత్తనం సమాఖ్యది. రాకపోవడం ఆట మీద తీర్పు కాదు, ఆ కాగితం మీద తీర్పు. ఈలోపు నష్టపోయింది ఆటగాళ్ళు. కొన్ని క్లబ్బులు జీతాలు ఆపేశాయి. కేరళ బ్లాస్టర్స్ కెప్టెన్ ఏడ్రియన్ లూనా ఇండోనేషియా క్లబ్బుకి వెళ్ళిపోయాడు. 2026 జనవరిలో సునీల్ ఛెత్రి లాంటి ఆటగాళ్ళు తమని కాపాడమని ఫిఫాని వేడుకోవాల్సి వచ్చింది. కేంద్ర క్రీడల మంత్రి జనవరి 6న తేదీ ప్రకటించాకే ఊపిరి పీల్చుకున్నారు.

"13 మ్యాచ్‌లు నామమాత్రం" అనేవాళ్ళకి ఒక లెక్క. 2014 లీగ్ దశలో ఒక్కో జట్టు ఆడింది 14 మ్యాచ్‌లే, ఆ తర్వాత ప్లేఆఫ్‌లు. ఆ ఏడు పట్టికలో మూడో స్థానంలో ఉన్న కోల్‌కతా కప్పు ఎత్తింది. ఎవరూ దాన్ని నామమాత్రం అనలేదు. 2026 సీజన్‌లో 14 జట్లు, మొత్తం 91 మ్యాచ్‌లు, ఒక్కో జట్టుతో ఒక్కసారే ఆట. సొంత మైదానం, పరాయి మైదానం సమానంగా రావు, అది అన్యాయమే. కానీ ఒక్క ఓటమి తర్వాత కోలుకునే టైమ్ ఉండదు కాబట్టి మొదటి వారం నుంచే టెన్షన్ ఉంటుంది.

తెలుగువాళ్ళకి సంబంధం లేదన్న మాటకి మాత్రం నాకు నిజంగా కోపం వస్తుంది. 1950 నుంచి 1954 దాకా వరుసగా ఐదేళ్ళు రోవర్స్ కప్పు గెలిచింది హైదరాబాద్ సిటీ పోలీస్. ఆ జట్టుని తీర్చిదిద్దిన సయ్యద్ అబ్దుల్ రహీమే 1951, 1962 ఆసియా క్రీడల్లో మన దేశానికి బంగారు పతకాలు తెచ్చిన కోచ్. 1956 మెల్‌బోర్న్ ఒలింపిక్స్‌లో నాలుగో స్థానమూ ఆయన చలవే. 1962లో జకార్తాలో దక్షిణ కొరియాని 2-1తో ఓడించిన జట్టులో తులసీదాస్ బలరాం, పీటర్ తంగరాజ్, యూసుఫ్ ఖాన్ ముగ్గురూ హైదరాబాద్, సికింద్రాబాద్ గడ్డ మీద ఎదిగినవాళ్ళు. అంత దూరం ఎందుకు, 2022 మార్చి 20న ఫైనల్లో కేరళ బ్లాస్టర్స్‌ని ఓడించి ఐఎస్‌ఎల్ కప్పు గెలిచింది హైదరాబాద్ ఎఫ్‌సీ. 88వ నిమిషంలో సాహిల్ తవోరా స్కోరు సమం చేశాడు. పెనాల్టీల్లో గోల్‌కీపర్ కట్టిమణి కేరళ కిక్కులు మూడు ఆపాడు.

ఆ తర్వాత ఆ క్లబ్బు జీతాల బకాయిల్లో కూరుకుపోయింది, యాజమాన్యం మారింది, చివరికి 2025లో ఢిల్లీకి తరలిపోయి స్పోర్టింగ్ క్లబ్ ఢిల్లీ అయింది. కప్పు గెలిచిన మూడేళ్ళకే నగరం జట్టుని పోగొట్టుకుంది, అభిమానుల్ని అడిగినవాళ్ళు లేరు. హైదరాబాద్‌లోనే ఉన్న శ్రీనిధి దక్కన్ 2022-23లోనూ, 2023-24లోనూ ఐఎస్‌ఎల్ కింది అంచె అయిన ఐ-లీగ్‌లో రెండో స్థానంలో నిలిచింది. మొదటి స్థానం దక్కిన పంజాబ్, మొహమ్మడన్ క్లబ్బులు ఐఎస్‌ఎల్‌లోకి వెళ్ళాయి. ఆ రెండు సీజన్లలో ఏ ఒక్కదాంట్లో ఒక్క మెట్టు ఎక్కినా 2026 ఫిబ్రవరి 14న మొదలైన లీగ్‌లో మనకీ ఒక జట్టు ఉండేది.