టెక్కలి కుర్రాడికి కావలసింది ఓవర్లు

2024 నవంబరులో జెద్దాలో రెండు రోజులు నడిచిన ఐపీఎల్ మెగా వేలంలో, కోట్ల బేరాల నడుమ, కనీస ధర 30 లక్షలకే ఢిల్లీ క్యాపిటల్స్ తీసుకున్న ఒక పేరు శ్రీకాకుళం జిల్లాని ఊపేసింది. త్రిపురాన విజయ్. ఊరు టెక్కలి. ఆంధ్ర జట్టుకి ఆఫ్‌స్పిన్ వేస్తాడు, బ్యాటింగూ చేస్తాడు. అప్పటి నుంచి జిల్లాలో క్రికెట్ మాట ఎక్కడ మొదలైనా ఒకే ప్రశ్న దగ్గర ఆగుతోంది: "మనోడు ఎప్పుడాడతాడేటి?"

అడిగేవాళ్ల ఆశని తప్పుపట్టలేం. కానీ ఆ ప్రశ్నలో 'ఆడటం' అంటే ఐపీఎల్‌లో ఆడటం ఒక్కటే. అతను ఆంధ్ర జట్టుకి ఎన్ని ఓవర్లు వేశాడు, ఏ పిచ్ మీద వేశాడు, కెప్టెన్ ఎప్పుడు బంతి చేతికిచ్చాడు అని అడిగేవాళ్లు తక్కువ. ఒక యువ స్పిన్నర్ భవిష్యత్తు తేలేది మాత్రం అక్కడే.

2025 మార్చి 24నే చూడండి. ఆ సీజన్‌లో ఢిల్లీ జట్టు తన సొంత మ్యాచ్‌లు రెండు విశాఖలో ఆడింది. టెక్కలి నుంచి హైవే మీద నూటయాభై కిలోమీటర్ల పైచిలుకు. ఉత్తరాంధ్ర కుర్రాడికి ఇంతకన్నా దగ్గరి అవకాశం ఏముంటుందని చాలామంది అనుకున్నారు. లక్నో 209 కొట్టింది. ఢిల్లీ ఒక్క వికెట్ తేడాతో గెలిచింది. అశుతోష్ శర్మ 66 నాటౌట్ అందరికీ గుర్తుంది. దాని పక్కన విప్రజ్ నిగమ్ 15 బంతుల్లో కొట్టిన 39 కూడా ఉంది. అతనూ కొత్త కుర్రాడే, స్పిన్ వేసి బ్యాట్ తిప్పేవాడే. తేడా అల్లా అతను లెగ్‌స్పిన్నర్ కావడం. అక్షర్ పటేల్, కుల్దీప్ యాదవ్ ఎలాగూ జట్టులో ఉంటారు. మూడో స్పిన్నర్ చోటు ఒకటే మిగిలింది, అది ఆ రాత్రికే నిండిపోయింది. విజయ్ పదకొండుమందిలో లేడు. ఆరు రోజుల తరవాత హైదరాబాద్‌తో అదే మైదానంలో జరిగిన మ్యాచ్‌లోనూ లేడు.

ఇందులో ఎవరి కుట్రా లేదు. టీ20లో ఆఫ్‌స్పిన్నర్ పరిస్థితే అంత. కుడిచేతి బ్యాటర్‌కి బంతి లోపలికి వస్తుంది, మోకాలు వంచి లెగ్ సైడ్ లేపితే సిక్స్. అందుకే కెప్టెన్లు ఎడమచేతి బ్యాటర్ క్రీజులోకి వచ్చేదాకా ఆఫ్‌స్పిన్నర్‌ని దాచిపెడతారు. ఎదుటి జట్టులో ఎడమచేతివాళ్లు తక్కువైతే ఆ రోజుకి అతని పని లేనట్టే.

ఇదే కోవలో ఒక పెద్దాయన ఉన్నాడు, జలజ్ సక్సేనా. ఆఫ్‌స్పిన్, బ్యాటింగ్ రెండూ. రాష్ట్ర జట్ల మధ్య నాలుగేసి రోజుల మ్యాచ్‌లతో జరిగే రంజీ ట్రోఫీలో ఆరువేల పరుగులు, నాలుగు వందల వికెట్లు రెండూ దాటిన మొదటి ఆటగాడు. దేశవాళీ క్రికెట్‌లో ఇరవై ఏళ్ల బతుకు. ఐపీఎల్‌లో అతను ఆడింది ఒక్క మ్యాచ్, 2021లో. అదీ ఢిల్లీకే. టీమిండియా టోపీ అసలు దక్కలేదు. ఇది విని విజయ్‌కీ అంతే రాసిపెట్టి ఉందని నేను అనడం లేదు. ఐపీఎల్ పెట్టే పరీక్ష వేరు, క్రికెటర్‌గా నిలబడే పరీక్ష వేరు. మొదటిదాంట్లో చోటు దొరకనివాడు రెండోదాంట్లో పాతికమందిని మించి ఉండొచ్చు.

డబ్బు సంగతి పక్కన పెట్టి మాట్లాడితే మాత్రం అది నిజాయితీ కాదు. 2021లో బోర్డు సవరించిన లెక్క ప్రకారం రంజీలో ఇరవై మ్యాచ్‌ల లోపు అనుభవం ఉన్న ఆటగాడికి ఆడిన రోజుకి 40 వేలు. ఎలీట్ గ్రూపులో, అంటే రంజీ పై అంచెలో, ఏడు లీగ్ మ్యాచ్‌లు, మ్యాచ్‌కి నాలుగు రోజులు. అన్నీ ఆడితే 11 లక్షల 20 వేలు. తుది జట్టులో లేకపోతే అందులో సగం. అండర్-23 కుర్రాడికి రోజుకి 25 వేలు, అండర్-19కి 20 వేలు. అటు చూస్తే రెండు నెలలు నెట్స్‌లో బంతులేసి బెంచీ మీద కూర్చున్నా 30 లక్షలు. పైగా 2025 నుంచి ఐపీఎల్‌లో ఆడిన ప్రతి మ్యాచ్‌కి మరో ఏడున్నర లక్షలు. టెక్కలిలోనో పాలకొండలోనో, చీపురుపల్లిలోనో ఉన్న కుటుంబానికి ఈ తేడా ఏమిటో చెప్పక్కర్లేదు. అందుకని కుర్రాళ్లు ఐపీఎల్ వెంట పడుతున్నారని విసుక్కునే పాతతరం వ్యాఖ్యాతలంటే నాకు అంత గౌరవం లేదు. వాళ్లలో చాలామందికి బ్యాంకు ఉద్యోగమో రైల్వే ఉద్యోగమో దన్నుగా ఉండేది.

ఇక ఆంధ్రలోనే ముగ్గురి తొలి అడుగులు చూద్దాం. 2015 ఫిబ్రవరిలో ఒంగోలులో గోవా మీద కోన శ్రీకర్ భరత్ 308 కొట్టాడు. రంజీలో ట్రిపుల్ సెంచరీ చేసిన మొదటి వికెట్‌కీపర్ అతనే. ఆ ఏడాదే ఢిల్లీ ఐపీఎల్ జట్టు అతన్ని తీసుకుంది, ఒక్క మ్యాచ్ కూడా ఆడించలేదు. మొదటి ఐపీఎల్ మ్యాచ్ 2021లో బెంగళూరుకి. మొదటి టెస్టు 2023 ఫిబ్రవరిలో నాగ్‌పూర్‌లో. అంటే ట్రిపుల్ సెంచరీకీ టెస్టు టోపీకీ మధ్య ఎనిమిదేళ్లు.

నితీశ్ కుమార్ రెడ్డి కథని అందరూ మెల్‌బోర్న్ సెంచరీ నుంచి మొదలుపెడతారు. నేనైతే 2017-18 విజయ్ మర్చంట్ ట్రోఫీ నుంచి మొదలుపెడతాను. అండర్-16లో ఆ సీజన్‌లో 1,237 పరుగులు, నాగాలాండ్ మీద ఒక్క ఇన్నింగ్స్‌లో 441. అంత ఆడినవాడు కూడా 2020 జనవరిలో రంజీలోకి వచ్చాక కొన్నేళ్లపాటు పెద్దగా వినబడలేదు. 2023 ఐపీఎల్‌లో రెండు మ్యాచ్‌ల్లో కనిపించాడు, బ్యాటింగే రాలేదు. 2023-24 రంజీలో మీడియం పేస్‌తో పాతిక వికెట్లు తీశాకే అతను పూర్తి ఆల్‌రౌండర్ అన్న మాట గట్టిపడింది. అతని కోసం తండ్రి విశాఖలో హిందుస్థాన్ జింక్ ఉద్యోగం వదులుకున్న సంగతి మన పేపర్లలో ఎన్నిసార్లు వచ్చిందో లెక్కలేదు, ఆ పాతిక వికెట్ల గురించి వచ్చింది మాత్రం తక్కువ.

గుంటూరు షేక్ రషీద్‌ది మూడో దారి. 2022 అండర్-19 ప్రపంచకప్‌లో వైస్ కెప్టెన్, సెమీఫైనల్లో ఆస్ట్రేలియా మీద 94. చెన్నై 20 లక్షలకి తీసుకుని రెండు సీజన్లు కూర్చోబెట్టింది. మూడో సీజన్‌లో, 2025 ఏప్రిల్‌లో, ఆడించింది. ఈ మధ్యలో అతను ఖాళీగా లేడు. 2024 నవంబరులో హైదరాబాద్‌లో హైదరాబాద్ జట్టు మీదే 203 కొట్టాడు.

ముగ్గురూ ఆగారు. ఆగినన్నాళ్లూ ఎర్రబంతితో, అంటే రంజీలాంటి రోజుల తరబడి సాగే మ్యాచ్‌లు, ఆడారు. ఇక్కడే స్పిన్నర్‌కి ఒక చిక్కుంది. బ్యాటర్‌కి జట్టులో చోటుంటే ఇన్నింగ్స్ తప్పకుండా వస్తుంది. స్పిన్నర్‌కి పేరు జట్టులో ఉన్నా బంతి రావాలని రూలేమీ లేదు. పిచ్ మీద పచ్చిక ఉంటే పేసర్లే ముగిస్తారు. ఆంధ్రకి ఎడమచేతి స్పిన్నర్ లలిత్ మోహన్ ఉన్నాడు, ఆఫ్‌స్పిన్నర్ షోయబ్ మహ్మద్ ఖాన్ కూడా ఉన్నాడు. పైగా 2024-25 నుంచి రంజీని రెండు ముక్కలు చేశారు. ఐదు మ్యాచ్‌లయ్యాక తెల్లబంతితో ఆడే పరిమిత ఓవర్ల టోర్నీలు, జనవరిలో మళ్లీ రెండు మ్యాచ్‌లు. ఎర్రబంతితో లయ కుదిరిన స్పిన్నర్ మధ్యలో రెండు నెలలు ముష్తాక్ అలీ, విజయ్ హజారే టోర్నీల కోసం బంతిని చదునుగా, వేగంగా వేయడం అలవాటు చేసుకోవాలి, తిరిగొచ్చి గాల్లో ఆడించడం మళ్లీ మొదలెట్టాలి. ఈ ఏర్పాటు చలికాలపు పొగమంచుని తప్పించడానికి పనికొచ్చి ఉండొచ్చు. కుర్ర స్పిన్నర్లకి మాత్రం మేలు చేయలేదని నా అభిప్రాయం.

రంజీ దాకా రాకముందటి సంగతి ఇంకా గట్టిది. శ్రీకాకుళం, విజయనగరం జిల్లాల్లో ఒక కుర్రాడు స్పిన్ నేర్చుకునేది ఎక్కువగా మ్యాటింగ్ మీద, అంటే నేల మీద చాప పరిచిన పిచ్ మీద. మ్యాటింగ్ మీద బంతి ఊరికే తిరుగుతుంది, ఊరికే లేస్తుంది. ఎదురుగా జిల్లా స్థాయి బ్యాటర్ ఉంటాడు, క్రీజు వదిలి ముందుకొచ్చే ధైర్యం తక్కువ. కుర్రాడు వేగంగా, చదునుగా వేసి ఐదేసి వికెట్లు పట్టుకుపోతాడు. అందరూ భుజం తడతారు. అదే కుర్రాడు అండర్-19 రాష్ట్ర జట్ల కూచ్ బెహార్ ట్రోఫీలో కర్ణాటక మీదో ముంబయి మీదో టర్ఫ్ మీద, అంటే మట్టీ గడ్డీ ఉన్న అసలు పిచ్ మీద, బౌలింగ్ చేస్తే బంతి తిరగదు, బ్యాటర్ రెండడుగులు ముందుకేసి నెత్తి మీదుగా కొడతాడు. అప్పుడు కావలసింది బంతిని పైకి విసిరే గుండె. ఆ గుండె నెట్స్‌లో రాదు, కోచ్ చెబితే రాదు. మంచి బ్యాటర్ చేతిలో పదిసార్లు దెబ్బతిని, పదకొండోసారి అతన్ని స్టంపౌట్ చేస్తే వస్తుంది. అంటే ఆ బ్యాటర్ ఎదురుగా ఉండాలి. మన జిల్లాల్లో లేనిది ఆ బ్యాటరే.

వెయిట్‌లిఫ్టింగ్‌తో పోల్చుకుంటే తేడా తెలుస్తుంది. ఊసవానిపేట నుంచి కరణం మల్లీశ్వరి సిడ్నీ ఒలింపిక్స్ దాకా వెళ్లింది. నెల్లిమర్ల పక్కన కొండవెలగాడ నుంచి మత్స సంతోషి 2014లో గ్లాస్గో కామన్వెల్త్ పతకం తెచ్చింది. బార్ మీద వంద కిలోలు కొండవెలగాడలోనూ వందే, గ్లాస్గోలోనూ వందే. ఊళ్లోనే ఒక గది, ఒక గురువు, తిండి కుదిరితే ఎక్కడున్నా పోటీకి తయారవ్వచ్చు. క్రికెట్‌కి ఆ వీలు లేదు, ఆటగాడి ఎత్తుని ఎదుటివాడి ఎత్తే నిర్ణయిస్తుంది.

చిత్రమేమంటే క్రికెట్ చరిత్రలో విజయనగరం పేరు చిన్నదేం కాదు. 1930-31లోనే జాక్ హాబ్స్‌ని, హెర్బర్ట్ సట్‌క్లిఫ్‌ని రప్పించి తన జట్టులో ఆడించుకున్న మహరాజ్‌కుమార్ విజ్జీ ఈ సంస్థానం వాడే. 1936లో ఇంగ్లండ్ వెళ్లిన భారత జట్టుకి కెప్టెన్ కూడా ఆయనే. మూడు టెస్టుల్లో మొత్తం 33 పరుగులు. అర్హత కన్నా హోదా ఆడిన సందర్భానికి అంతకన్నా మంచి ఉదాహరణ దొరకదు. ఆయన పేరుతో ఊళ్లో స్టేడియం ఉంది, యూనివర్సిటీల మధ్య విజ్జీ ట్రోఫీ ఉంది. అంతకన్నా పనికొచ్చేది డాక్టర్ పి.వి.జి. రాజు పేరుతో ఆంధ్ర క్రికెట్ సంఘం కట్టిన కాంప్లెక్స్. అక్కడ రంజీ మ్యాచ్‌లు జరిగాయి, అసలైన టర్ఫ్ ఉంది. మ్యాచ్ లేని రోజుల్లో ఆ వికెట్ల మీద పలాస, పార్వతీపురం కుర్రాళ్లు ఎంతసేపు ఆడగలుగుతున్నారన్నది అడగాల్సిన ప్రశ్న.

ఆంధ్ర ప్రీమియర్ లీగ్ వచ్చాక అవకాశాలు పెరిగాయన్న మాట నిజమే. 2022లో మొదలైన ఆ లీగ్‌లో ఆడి, కాకినాడ పేసర్ సత్యనారాయణ రాజు ముంబయి ఇండియన్స్ కంట్లో పడ్డాడు. కానీ అక్కడా బౌలర్‌కి నాలుగు ఓవర్లే, ఇరవై నాలుగు బంతులు. స్పిన్నర్‌ని చూపించడానికి అది చాలు, తయారుచేయడానికి చాలదు. అన్నట్టు, మొదట్లో ఆ లీగ్‌లో ఉత్తరాంధ్ర లయన్స్ అని ఒక జట్టుండేది. 2025లో జట్లు మారాక మనకి మిగిలింది సింహాద్రి వైజాగ్ లయన్స్. ఉత్తరాంధ్ర అంటే విశాఖే అనుకునే అలవాటు క్రికెట్‌కీ పాకింది.

నన్నడిగితే ఆంధ్ర సంఘం చేయాల్సింది మరో టీ20 టోర్నీ కాదు. విశాఖ, విజయనగరం, శ్రీకాకుళం క్లబ్బుల్ని కలిపి, టర్ఫ్ మీద, రెండు రోజుల మ్యాచ్‌ల లీగ్ ఒకటి నడపాలి. విశాఖలోని పెద్ద క్లబ్బుల బ్యాటర్లు శ్రీకాకుళం స్పిన్నర్లకి ఏడాదికి కనీసం ఏడెనిమిదిసార్లు ఎదురుపడాలి. చెన్నై ఫస్ట్ డివిజన్ లీగ్ చేసేది ఇదే. రవిచంద్రన్ అశ్విన్ ఆ లీగ్ వాతావరణంలో పెరిగినవాడే. అయినా 2006లో తమిళనాడుకి మొదటి మ్యాచ్ ఆడినవాడికి టెస్టు టోపీ 2011లో వచ్చింది. మన ఆంధ్ర ఆటగాళ్లు కొందరు ఇప్పటికీ ఎండాకాలం దాటగానే చెన్నై క్లబ్బుల తరఫున ఆడటానికి రైలెక్కుతారు. స్తోమత ఉన్నవాడు వెళ్తాడు, లేనివాడు ఉండిపోతాడు.

విజయ్ ఈ జల్లెడలన్నీ దాటి వచ్చాడు. 2025 సీజన్ ముగిశాక ఢిల్లీ చాలామందిని వదిలేసి కూడా అతన్ని అట్టిపెట్టుకుంది, అంటే నెట్స్‌లో వాళ్లకి ఏదో కనిపిస్తోంది. అది మంచి కబురే. కానీ ఆంధ్ర జట్టుకి అతని అవసరం అంతకన్నా ఎక్కువ. 2023లో, 2024లో వరసగా రెండు రంజీ క్వార్టర్ ఫైనల్స్ ఇండోర్‌లో మధ్యప్రదేశ్ చేతిలోనే పోయాయి, రెండోది నాలుగు పరుగుల తేడాతో. ఆంధ్ర ఇప్పటిదాకా రంజీ గెలవలేదు. ఆ నాలుగు పరుగుల్ని కింద వరసలో కొట్టగలిగి, నాలుగో రోజు ముప్పై ఓవర్లు ఆపకుండా వేయగలిగే ఆటగాడి కోసమే ఈ జట్టు చూస్తోంది.

అందుకే వచ్చే రంజీ సీజన్‌లో అతని పేరు కనిపిస్తే వికెట్ల గడి ముందు చూడకండి. మొదటి ఇన్నింగ్స్‌లో ఎన్నో ఓవర్‌కి బౌలింగ్‌కి వచ్చాడో, రెండో ఇన్నింగ్స్‌లో ఎన్ని ఓవర్లు వేశాడో, బ్యాటింగ్ ఎన్నో నంబరులో దించారో చూడండి. మొదటి ఇన్నింగ్స్‌లో ఎనిమిది ఓవర్లతో సరిపెడుతుంటే కెప్టెన్‌కి ఇంకా నమ్మకం కుదరలేదని లెక్క. పాతిక దాటితే, వికెట్లు రెండే పడినా సరే, పని నడుస్తోందని లెక్క.