గదికి తాళం వేస్తే కల్తీ కల్లు వదలదు

"కల్లుకు మరిగిన మనిషిని నాలుగు రోజులు గదిలో పెట్టి తాళం వేయండి, వణుకు దానంతట అదే తగ్గుతుంది, ఆసుపత్రిలో ఇచ్చే బిళ్ళలూ మత్తే, మానినవాడు మళ్ళీ తాగితే ఇక ఆశ వదులుకోండి" అన్న సందేశం తెలంగాణలో వాట్సాప్ గ్రూపుల్లో తిరుగుతూనే ఉంది. ఇందులో మొదటి సలహా ప్రాణాల మీదికి తెచ్చేది.

తాటిచెట్టు నుంచో ఈతచెట్టు నుంచో దించిన కల్లు వేరు, నీళ్ళలో ఆల్ప్రాజోలం, డైజిపాం, క్లోరల్ హైడ్రేట్ వంటి మత్తుమందులు కలిపి సీసాల్లో నింపి అమ్మేది వేరు. ఆ మందుకు రోజూ అలవాటుపడిన మెదడుకు అది ఒక్కసారిగా అందకపోతే నిద్ర పట్టదు, ఒళ్ళంతా వణుకుతుంది, లేనివి కనబడతాయి, ఫిట్స్ వస్తాయి, ఒక్కోసారి ప్రాణమే పోతుంది. 2020 మార్చిలో లాక్‌డౌన్‌తో కల్లు దుకాణాలు మూతపడగానే ఎర్రగడ్డ మానసిక చికిత్సాలయానికి బాధితులు వరుస కట్టింది ఇందుకే.

మా మేనమామను మేమూ గదిలోనే ఉంచాము. రెండో రోజు సాయంత్రం గ్లాసును రెండు చేతులతో పట్టుకున్నా నోటిదాకా రాక, నీళ్ళన్నీ ఆయన చొక్కా మీదే ఒలికాయి. ఖాళీ గోడ మీద చీమలు పాకుతున్నాయంటూ రాత్రంతా అరచేత్తో తుడుస్తూనే ఉన్నారు. తెల్లవారుజామున ఫిట్స్ వచ్చి, మేము తలుపు తీసేలోపే తల గడపకు కొట్టుకుంది. తాళంచెవి నా జేబులోనే ఉంది.

ఆసుపత్రిలో ఇచ్చేదీ ఆ జాతి మందే కావచ్చు, అందులో దాచవలసినది ఏమీ లేదు. అయితే సీసాలో పొడి ఎంత పడిందో కలిపినవాడికే తెలియదు. వైద్యులు శరీరంలో ఎక్కువసేపు నిలిచే మందును కొలిచి మొదలుపెట్టి, వారాల తరబడి, అవసరమైతే నెలల తరబడి తగ్గిస్తూ వస్తారు. అత్తయ్య బిళ్ళను బ్లేడుతో సగం చేసి, తరువాతి నెలలో ఆ సగాన్నీ సగం చేసి ఇచ్చేది.

ఇక మూడో మాట. అయిదు నెలలు మానిన మామయ్య బోనాలనాడు మళ్ళీ సీసా పట్టారు. విరామం తరువాత శరీరానికి పాత ఓర్పు ఉండదు గనుక పాత మోతాదే ఊపిరి ఆపగలదు. ఆశ వదులుకోమన్న సందేశం సరిగ్గా ఆ రాత్రే మనిషిని ఒంటరిని చేస్తుంది. మేము వంతులవారీగా ఆయన పక్కన మేలుకుని, మర్నాడు అదే వైద్యుడి దగ్గరికి తీసుకెళ్ళాము. ఎవరికి చెప్పుకోవాలో తెలియనివారికి 14446 అనే ఉచిత జాతీయ సహాయ నంబరు ఉంది.