నాలుగు పెన్నీల దెయ్యం

విజయనగరంలో దెయ్యాలకు ఇంత కరువుందన్న సంగతి పోయిన ఆదివారం దాకా నాకు తెలియదు. మా మేనల్లుడు లండన్ నుంచి ఫోన్ చేసి, కోట దగ్గర మొదలై గంటస్తంభం మీదుగా సాగి ఏదో ఒక బార్ అండ్ రెస్టారెంట్‌లో ముగిసే ‘దెయ్యాల వారసత్వ నడక’ను మన ఊళ్లో ప్రారంభించబోతున్నానని, టికెట్టు మనిషికి 999 రూపాయలని, ఆగిన ప్రతి చోటా చెప్పుకోవడానికి ఒక దెయ్యం కావాలని, అది వీలైతే ఆడదెయ్యమై ఉండాలని, ఊళ్లో పెద్దవాణ్ణి గనుక ఆ సరఫరా బాధ్యత నేను తీసుకోవాలని సెలవిచ్చాడు. బొబ్బిలి కోటలో 1757 జనవరి 24న ప్రాణాలు వదిలిన ఆడవాళ్ల పేరిట ఆఖరి మజిలీలో ఎర్రరంగు పానీయం కూడా ఒకటి పోస్తాడట. “మన సంస్కృతిని మనం కాపాడుకోకపోతే ఎవరు కాపాడతారు మావయ్యా?” అన్నాడు. నిజమే. బార్లే కాపాడాలి.

తాగి నడవడం అనే కళలో విజయనగరానికి లండన్ నేర్పవలసింది ఏమీ లేదని వాడికి నచ్చజెప్పబోయాను. రాత్రి పదిన్నరకు వైన్‌షాపు నుంచి ఇంటికి బయలుదేరిన మనిషి మన వీధుల్లో వేసే అడుగులు చూస్తే, ఎంత అనుభవమున్న కొరివి దెయ్యమైనా దారి ఇచ్చి పక్కకు తప్పుకుంటుంది. మద్యం దుకాణాలను ప్రభుత్వమే నడిపిన కాలంలోనైతే సీసాల మీద పేర్లు చదువుతుంటేనే ఒంట్లోకి ఏదో ప్రవేశించినట్టుండేది. అయినా వాడు వినలేదు.

ఈ జబ్బు వాడికి ఎక్కడ అంటుకుందో నాకు తెలుసు, ఎందుకంటే అది అంటుకుంటున్నప్పుడు నేను పక్కనే ఉన్నాను. పోయిన కార్తికమాసంలో నేను లండన్ వెళ్లాను. ఆ నెలంతా ఉల్లిపాయ కూడా ముట్టని నన్ను వాడు ప్రేమతో రెండు సాయంత్రాలు దెయ్యాలున్న పబ్బులన్నీ తిప్పాడు. రెండు నడకలు ఒకేసారి కొంటే రాయితీ వచ్చిందట. నడిపించే మనిషి నిలువెత్తు నల్లటోపీ పెట్టుకుని, మడమల దాకా వేలాడే నల్లకోటు తొడుక్కుని, చేతిలో లాంతరు పట్టుకుని వచ్చాడు. ఆ లాంతర్లో వెలిగేది బ్యాటరీ దీపం. పద్ధతి చాలా నియమబద్ధమైనది. పబ్బు బయట వానలో నిలబెట్టి ఒక చావు కథ చెబుతారు, తరువాత లోపలికి వెళ్లి తాగిరావడానికి పావుగంట ఇస్తారు, మళ్లీ నడిపిస్తారు. తీర్థయాత్ర బస్సు ఆగిన చోటల్లా దర్శనమూ ప్రసాదమూ దొరికినట్టే, అక్కడ ఆగిన చోటల్లా శవమూ బీరూ దొరుకుతాయి.

మొదటి సాయంత్రం బెల్‌గ్రేవియాలో, ధనవంతుల ఇళ్ల వెనక సందులో ఉన్న గ్రెనేడియర్ అనే పబ్బుకు వెళ్లాం. ఒకప్పుడు సైనికాధికారుల భోజనశాల, 1818లో పబ్బు అయింది. పేకాటలో మోసం చేస్తూ దొరికిపోయిన ఒక కుర్ర సిపాయిని తోటివాళ్లు అక్కడ కొట్టి చంపారని, పేకాటలో పడ్డ బాకీ తీరక వాడు ఈనాటికీ అక్కడే తిరుగుతున్నాడని కథ. పాపం వాడి అప్పు తీర్చడానికని వచ్చినవాళ్లు తమ తమ దేశాల నోట్ల మీద ఏదో రాసి పైకప్పుకు అంటిస్తారు. తల ఎత్తి చూస్తే పైకప్పంతా పెళ్లికొడుకు మెడలో నోట్లదండలా ఉంది.

నేను శ్రీకాకుళం జిల్లాలో పుట్టి విజయనగరంలో స్థిరపడినవాణ్ణి. అప్పు అనే మాట చెవిన పడగానే నా బుర్ర నా అనుమతి లేకుండానే లెక్క మొదలుపెడుతుంది. అసలెంత? వడ్డీ నూటికి నెలకు రెండు రూపాయలా, మూడు రూపాయలా? చక్రవడ్డీయా, బారువడ్డీయా? ప్రామిసరీ నోటు ఎవరి దగ్గరుంది? మూడేళ్లు దాటితే నోటుకు కాలదోషం పడుతుందని మా వైపు పశువులు కాసేవాడికి కూడా తెలుసు గదా, రెండు వందల ఏళ్ల నాటి పేకాట బాకీని ఇంకా ఎవరు అడుగుతున్నారు? మేనల్లుణ్ణి దుబాసీగా పెట్టుకుని ఈ ప్రశ్నలన్నీ నల్లటోపీ పెద్దమనిషి ముందు ఒక్కొక్కటిగా ఉంచాను. ఆయన చాలా మంచి ప్రశ్నలన్నాడు. ఇప్పటిదాకా వసూలైనది అసలు కింద జమ చేశారా, వడ్డీ కింద జమ చేశారా అని అడిగాను. ఆయన ఈసారి నవ్వలేదు. పోనీ ఈ సొమ్ము ఎవరికి ముడుతుందని అడిగితే గడియారం చూసుకుని, తరువాతి మజిలీకి ఆలస్యమవుతోందన్నాడు. నాకు జవాబు దొరికిపోయింది. బాకీపడ్డవాడు చచ్చాడు, బాకీ ఇచ్చినవాళ్లూ చచ్చారు, వసూలు మాత్రం దివ్యంగా సాగుతోంది. మా జిల్లాలో తరతరాలుగా వడ్డీవ్యాపారం చేస్తున్న మహానుభావులు ఎవరికీ ఇంత సొగసైన పద్ధతి తట్టలేదు. నేను ఈ ఆలోచనలో ఉండగానే మేనల్లుడు నా చొక్కా జేబులోంచి ఐదు వందల నోటు తీసి గోడకు అంటించేశాడు. పైడితల్లమ్మ హుండీలో వందకు మించి ఎన్నడూ వెయ్యని వంశం మాది.

రెండో సాయంత్రం హోల్‌బర్న్‌లో వయాడక్ట్ టావెర్న్ దగ్గర మొదలైంది. దాని ఎదురుగా ఒకప్పుడు న్యూగేట్ జైలు ఉండేది. ఆ జైలు బయట ఆఖరి బహిరంగ ఉరి 1868 మే 26న జరిగింది, పబ్బు తెరిచింది 1869లో. జనం కళ్లెదుట ఉరిపడ్డవాళ్ల ఆత్మలు పబ్బు కట్టేదాకా ఏడాదిపాటు ఎక్కడ తలదాచుకున్నాయో నల్లటోపీ చెప్పలేదు. కింద నేలమాళిగలో చల్లటి గాలి ఉన్నట్టుండి ఒంటికి తగులుతుందని, అదే వాటి ఉనికికి గుర్తని మాత్రం గొంతు తగ్గించి చెప్పాడు. బీరు పీపాలు నిలవచేసే నేలమాళిగ చల్లగా ఉండక పకోడీల మూకుడులా ఉంటుందా? అయితే సరిగ్గా ఆ క్షణాన నా ముందు నిలుచున్న ఒక ఆస్ట్రేలియా పెద్దాయన కెవ్వున అరిచి, తన మెడ మీద మంచుముక్కలాంటిదేదో తాకిందని చెప్పాడు. అందరూ వణికిపోయారు. ఇద్దరు ఆయన మెడను ఫోటో తీసుకున్నారు. ఆయన మెడను తాకింది వానలో తడిసిన నా గొడుగు కొస. చెబుదామనే అనుకున్నాను గానీ, ఆయన ముఖంలో డబ్బు గిట్టుబాటైన ఆనందం చూసి మనసొప్పలేదు.

ఇక్కడ ఒక మాట చెప్పుకోవాలి. 2022 ఏప్రిల్‌లో శ్రీకాకుళం జిల్లా సరుబుజ్జిలి మండలం వెన్నెలవలసలో, ఊళ్లో వరుసగా మనుషులు పోతుంటే దుష్టశక్తి పని అని బెదిరిపోయి, దారులకు కంచెలు కట్టి, బడి మూయించి, బయటివాళ్లను రానివ్వకుండా జనం కొన్ని రోజులు తలుపులు బిగించుకున్నారు. వాళ్ల మీద టీవీల్లో ఎంత జాలి, ఎంత హేళన! విజ్ఞానశాస్త్రం ఇంత పెరిగిన కాలంలో ఈ మూఢత్వమేమిటని ప్రశ్నించిన గొంతులే సెలవులకు లండన్ వెళ్లి, వానలో నిలబడి, గొడుగు కొసకు కెవ్వుమంటాయి. నేను ఆ భయాన్ని వెనకేసుకు రావడం లేదు. చిల్లంగి పెట్టారన్న అనుమానం మీద మనుషుల్ని కొట్టి చంపిన ఊళ్లు మన మన్యంలో ఉన్నాయి, ఆ భయం ఎంత దూరం పోగలదో మాకు తెలుసు. కానీ వెన్నెలవలసవాళ్లు నిజంగా భయపడ్డారు, వాళ్ల ఇళ్లలో నిజంగా మనుషులు పోయారు. వాళ్లు చేసిన పొరపాటల్లా కంచె దగ్గర టికెట్టు పెట్టకపోవడమే.

ఆఖరి మజిలీ స్పిటల్‌ఫీల్డ్స్‌లో టెన్ బెల్స్ అనే పబ్బు. అక్కడికి వచ్చేసరికి మన బృందం మూడేసి గ్లాసులు పూర్తిచేసి మంచి హుషారులో ఉంది. నల్లటోపీ కూడా స్వరం మార్చాడు. 1888 ఆగస్టు 31 నుంచి నవంబరు 9 లోపల ఆ చుట్టుపక్కల ఐదుగురు ఆడవాళ్లను ఒకడు కోసి చంపాడు. వాడెవడో నేటికీ తెలియదు, వాడి మారుపేరు మాత్రం లోకమంతటికీ తెలుసు. ఈ పబ్బే 1976 నుంచి 1988 దాకా జాక్ ది రిప్పర్ అని వాడి పేరే పెట్టుకుని వ్యాపారం చేసింది. వాడు ఎవరిని ఎక్కడ ఎలా కోశాడో నల్లటోపీ చేతులు తిప్పుతూ అభినయించి, ఒకచోట హాస్యం కూడా ఆడి, చివరికి “ఇంకా దొరకని మన జాక్ కోసం” అని గ్లాసు పైకెత్తించాడు. ఇరవై మందికి పైగా ఎత్తారు. మా మేనల్లుడూ ఎత్తాడు.

ఆ ఐదుగురికి పేర్లున్నాయి. మేరీ ఆన్ నికోల్స్, ఆనీ చాప్‌మన్, ఎలిజబెత్ స్ట్రైడ్, కేథరిన్ ఎడ్డోస్, మేరీ జేన్ కెల్లీ. నికోల్స్‌ను ఆ రాత్రి బస నుంచి బయటికి పంపేశారు, పడకకు కట్టవలసిన నాలుగు పెన్నీలు లేవని. ఆ డబ్బు తెచ్చుకుంటానని చెప్పి, తలమీదున్న కొత్త టోపీని చూపించి మురిసిపోతూ వెళ్లింది. వారం తిరిగాక చాప్‌మన్‌నూ అలాగే, పడక డబ్బులు లేవనే పంపేశారు. ఎడ్డోస్ అప్పుడే కెంట్ పల్లెల్లో కూలిపని చేసుకుని తన మనిషితో కలిసి కాలినడకన లండన్ తిరిగొచ్చింది. ఏం కూలిపనో తెలుసా? బీరుకు చేదు రావడానికి వేసే హాప్స్ కోయడం. చేతిలో పైసా మిగలక అతని బూట్లు తాకట్టు పెట్టారు. మర్నాడు అర్ధరాత్రి దాటాక ఆమె శవం దగ్గర దొరికిన సామాన్లలో రెండు చిన్న రేకు డబ్బాలున్నాయి. ఒకదానిలో టీపొడి, రెండోదానిలో పంచదార.

ఆ డబ్బాలు నేను చూశాను. పలాస స్టేషన్‌లో రాత్రి రైలు కోసం ప్లాట్‌ఫారం మీద కూర్చునే మా ఆడవాళ్ల సంచుల్లో చూశాను. చెన్నైలోనో హైదరాబాదులోనో ఇసుకా ఇటుకా మోయడానికి పోయేటప్పుడు ఉప్పుచేపలు, చింతపండు, ఒక డబ్బాలో టీపొడి, ఒక డబ్బాలో పంచదార కట్టుకుపోతారు, ఆర్నెల్ల తరువాత ఒక్కొక్కసారి ఆ డబ్బాలతోనే ఉత్త చేతులతో తిరిగొస్తారు. ఆ మనిషి కోసిన హాప్స్‌తో కాచిన బీరును తాగుతూ, ఆ మనిషిని కోసినవాడికి గ్లాసు ఎత్తుతారా? సిగ్గు అనేది కాస్తయినా ఉండదా? ఆమె బతికుండి ఒక రాత్రి చలికి వణుకుతూ గుమ్మంలో నిలబడితే అరపెన్నీ ఇవ్వని లోకం, చచ్చిన నూట ముప్పై ఏళ్ల తరువాత ఆమె పేగుల గురించి వినడానికి వరసలో నిలబడి డబ్బు కడుతుందా? దీనికి వారసత్వమని పేరా? దీన్ని మోసుకొచ్చి మా బొబ్బిలి ఆడవాళ్ల నెత్తిన ఎర్రరంగు పోస్తావా?

అప్పు మాట వింటే లెక్క వేసే బుర్రని చెప్పాను గదా, అది అక్కడ కూడా ఊరుకోలేదు. నా ఒక్క టికెట్టు పద్దెనిమిది పౌండ్లు. ఆనాటి లెక్కలో పౌండుకు 240 పెన్నీలు, అంటే 4,320 పెన్నీలు, అంటే రాత్రికి నాలుగు పెన్నీల చొప్పున 1,080 రాత్రుల పడక. దాదాపు మూడేళ్లు నికోల్స్ వీధిలోకి రాకుండా తలుపు వేసుకుని పడుకునేది.

నడక ముగిశాక నల్లటోపీ తన టోపీ తీసి తిరగేసి, నచ్చినవాళ్లు నచ్చినంత వేయవచ్చని చిరునవ్వుతో అందరి ముందుకూ తెచ్చాడు. నేను జేబులో వెతికి నాలుగు పెన్నీలు ఏరి, ఒక్కొక్కటీ లెక్కపెట్టి అందులో వేశాను. ఆయన టోపీలోకి చూసి, మా మేనల్లుడి వైపు చూశాడు. మేనల్లుడు తన ఫోన్ వైపు చూసుకున్నాడు. “ఏటి మావయ్యా ఈ పిసినారితనం, పరువు తీసేశావు” అని గొణిగి, తన జేబులోంచి ఐదు పౌండ్ల నోటు తీసి వేసి, నా వయసును సాకుగా చూపించి ఆయనకు క్షమాపణ కూడా చెప్పాడు. నాలుగు పెన్నీలంటే ఒక రాత్రి పడక అని దారిలో వివరించబోయాను గానీ, వాడు అప్పటికే విజయనగరంలో ఎన్ని బార్లున్నాయో మ్యాపులో వెతుక్కుంటున్నాడు. ఆ ఐదు పౌండ్లను ఇప్పుడు కొత్త వ్యాపారం పెట్టుబడి ఖాతాలో, నా పేరు మీద అప్పుగా రాసుకున్నాడట.