సీడీలో కురిసిన వానకు

అనంతపురం నుంచి రాయునది ఏమనగా,

మేమిక్కడ క్షేమం. గీతలు పడ్డ ఏ సీడీలో నువ్వు పడున్నావో తెలీదు గానీ, తడిగానే ఉంటావని తలుస్తాను. మేము కంప్యూటర్లో ఆడుకునే క్రికెట్ గేము సీడీ అది. దాని మీద నల్ల మార్కరుతో 'క్రికెట్' అని రాసుండేది, అంతే. టవర్ క్లాక్ దగ్గర నెట్ సెంటర్లో గంటకు 10 రూపాయలిచ్చి నిన్ను చూసేవాళ్ళం.

మా జిల్లాలో ఏడాదికి పడేది సగటున 550 మిల్లీమీటర్ల చిల్లర. నైరుతి మబ్బులు పడమటి కనుమల దగ్గరే మూట విప్పేసి, మా దగ్గరికి ఖాళీ సంచితో వస్తాయి. ఈశాన్యం మబ్బులు సముద్రం నుంచి ఇంత దూరం వచ్చేసరికి సొమ్మసిల్లుతాయి. నీకు మాత్రం ఏ కనుమా అడ్డం లేదు. 60 బంతుల్లో 40 కొడితే గెలుస్తాననగా దిగేదానివి. ఓడిపోతున్నప్పుడు ఒక్కసారన్నా వచ్చావా? (అసలు వానదీ అదే బుద్ధిలే. 2003 వరల్డ్ కప్ ఫైనల్లో ఆస్ట్రేలియా 359 కొట్టి కూర్చుంటే, మనోళ్ళ బ్యాటింగప్పుడు చినుకులు పడ్డాయని దేశమంతా దండం పెట్టింది. కాసేపు ఊరించి వెళ్ళిపోయింది. 125 పరుగులతో ఓడాం.)

వచ్చినా పద్ధతిగా వచ్చేదానివా? ఎండ ఎండలాగే ఉండేది. ఫీల్డర్ల నీడలు నేల మీద కత్తిరించి అతికించినట్టు నల్లగా ఉంటే, వాటి మీదే తెల్ల గీతలు ఏటవాలుగా జారేవి. స్టాండ్సులో అట్టముక్కల్లాంటి జనంలో ఒక్కరూ గొడుగు తీసేవాళ్ళు కాదు, చప్పట్లు కూడా ఆపేవాళ్ళు కాదు. ఎండా వానా కలిసొస్తే కుక్కలకూ నక్కలకూ పెళ్ళంటారు. నీ గ్రౌండులో రోజూ ముహూర్తమే.

ఆట ఆగేది, మీటరు ఆగేది కాదు. "వాన పడినంతసేపు లెక్కేసుకోవద్దన్నా" అని బతిమాలితే, "వాన నేను కురిపించినానా?" అనేవాడు సెంటర్ అన్న.

మా చిన్నాయన కొడుకు ఒక ఉపాయం కనిపెట్టాడు. మబ్బు పట్టగానే సేవ్ చేసి, బయటికొచ్చి మళ్ళీ తెరిస్తే, సగం సార్లు నువ్వు మాయం! ఆ రోజుల్లోనే ప్రభుత్వం మేఘమథనమని విమానాలు పంపి మబ్బుల్లో మందు చల్లించేది. వానను రప్పించడానికి వాళ్ళ తిప్పలు వాళ్ళవి, ఆపడానికి మా తిప్పలు మావి. మా ఖర్చే తక్కువ.

ఇప్పటి గేముల్లో వాన చాలా బాగుంటుంది, చుక్కచుక్కకీ మెరుపే. దాంతో నాకు తగాదా లేదు, అందుకే దానికి ఉత్తరమూ లేదు.

నీకు ఒక సంగతి చెప్పాలి. చెనిక్కాయ విత్తనం మూటల్లోనే ఉండిపోయిన ఒక జూలైలో, నాయన నన్ను వెతుక్కుంటూ సెంటరుకు వచ్చాడు. వీపు విమానం మోత మోగుతుందనుకున్నా. ఆయన చూపు నా మీద లేదు, నీ మీద ఉంది.

"ఏ ఊర్రా ఇది?"

"ఇంగ్లండు నాయనా."

"ఆడ ఏం పండిస్తారు?"

"అది పొలం కాదు నాయనా, ఆడుకునే గడ్డి."

"గడ్డికా!"

ఇంకేం అనలేదు. జేబులోంచి 10 రూపాయలు తీసి అన్న చేతిలో పెట్టి, స్టూలు లాక్కుని కూర్చున్నాడు. నువ్వు వెలిసేదాకా చూసి లేచాడు.

ఇట్లు,
40 పరుగులు రావాల్సినవాడు