ఎక్స్‌పీ పెద్దాయన్ని కదపకండి

బెజవాడ గవర్నర్‌పేటలో శుభలేఖలు కంపోజ్ చేసే సోదరులకు ఒక విన్నపం. మీ షాపు మూలనున్న పాత విండోస్ ఎక్స్‌పీ కంప్యూటర్‌ను చూసి "ఇదింకా ఎందుకండీ?" అన్నవాళ్లకు కుర్చీ వేయకండి.

ఎక్స్‌పీకి మైక్రోసాఫ్ట్ 2014 ఏప్రిల్‌లోనే నీళ్లొదిలేసింది. అయితే ఏమైంది? మనం పేజీలు కూర్చే సాఫ్ట్‌వేర్ పేజ్‌మేకర్ 7 వచ్చింది 2001లో, ఆ తర్వాత 8 రాలేదు. ముహూర్తాలు మాత్రం ఏటా వస్తూనే ఉన్నాయి. ఏ కంప్యూటర్‌లోనైనా అక్షరాలు ఒకేలా కనిపించే యూనికోడ్‌లో కొట్టుకోవచ్చుగా అనే మేధావులుంటారు. యూనికోడ్‌లో తెలుగు 1991 నుంచీ ఉన్నమాట నిజమే, పేజ్‌మేకర్‌కు ఆ సంగతి ఎవరూ చెప్పలేదు. పాత ఫాంటు లేని కంప్యూటర్‌లో ఫైలు తెరవండి, పెళ్లికూతురి పేరు బదులు బ్రాకెట్లూ డాలర్ గుర్తులూ ప్రత్యక్షమవుతాయి. వియ్యాలవారికి అదెలా చెబుతారు?

సరే, కొత్తది కొన్నారు. విండోస్ 11 వచ్చింది. అది 64 బిట్ల దొర, పాతకాలపు 16 బిట్ల ప్రోగ్రాములను గుమ్మం తొక్కనివ్వదు. తొంభైల నాటి చాలా సీడీల్లో అసలు సాఫ్ట్‌వేర్ 32 బిట్లదే, ఇప్పటికీ నడవగలదు. దాన్ని ఎక్కించే సెటప్ మాత్రం 16 బిట్లది. పెళ్లికొడుకు నిక్షేపంగా ఉన్నాడు, పల్లకి మోసే బోయీలే లేరు. బాగా పేరున్న కొన్ని పాత సెటప్‌లను మాత్రం విండోసే గుర్తుపట్టి, వాటి బదులు 32 బిట్లవాటిని గుట్టుగా నడిపిస్తుంది. రికమండేషన్ ఎక్కడైనా రికమండేషనే.

మీ సీడీకి ఆ పలుకుబడి లేదనుకోండి. సీడీ డ్రైవు అరువు తెచ్చి, సీడీని చొక్కాకు తుడిచి పెట్టాలి. రైట్ క్లిక్, ప్రాపర్టీస్, కంపాటిబిలిటీ, 'విండోస్ 95'కి టిక్కు. కొత్త కుర్రాడికి ముసలి వేషం కట్టించారు, భేష్. అయినా 'ఈ యాప్ మీ పీసీలో నడవదు' అని నీలిరంగు పట్టీలో ఇంగ్లీషులో మర్యాదగా చెబుతాడు. ఇక మిగిలింది కంప్యూటర్‌లోనే ఇంకో ఉత్తుత్తి కంప్యూటర్‌ను నడిపే వర్చువల్‌బాక్స్. అంటే వేలు పోసి కొన్న కొత్త కంప్యూటర్‌లో, 512 ఎంబీ మెమరీ వాటా ఇచ్చి మళ్లీ ఎక్స్‌పీనే కాపురం పెట్టడం. మూలనున్న పెద్దాయన ఈ పనే కరెంటు ఖర్చుతో చేస్తున్నాడు కదా!

కనుక ఆయన్ని కదపకండి. ఇంటర్నెట్ వైరు మాత్రం పీకేయండి, ఆ వయసులో ఆ గాలి పడదు. పార్టీలు తెచ్చే పెన్‌డ్రైవులను ముందు విండోస్ 11లో పెట్టి వైరస్ స్కాన్ చేయించండి. అంత డబ్బు పోసి కొన్నందుకు దానికీ ఒక పని దొరుకుతుంది.