ఫ్యూజు జేబులో వేసుకున్న రోజులే నయం

గుంటూరులో మిర్చి సీజన్ మొదలైందంటే కారం మిల్లుల్లో ఊపిరి సలపదు. మొన్న మార్చిలో ఓ మిల్లుకి వెళ్లేసరికి మిర్చిని పొడిచేసే పల్వరైజర్ జామ్ అయిందని ఒక కుర్రాడు మూత తీసి లోపల చెయ్యి పెట్టి ఉన్నాడు, ఇంకొకడు స్విచ్‌బోర్డు దగ్గర కాపలా. "నేనున్నాగా, ఎవర్నీ వెయ్యనివ్వన్లే" అన్నవాడికే రెండు నిమిషాల్లో ఫోనొచ్చింది, మాట్లాడుకుంటూ బయటికెళ్లిపోయాడు. ఆ రోజు ఏమీ కాలేదు, అదృష్టం.

పాతకాలం ఎలక్ట్రీషియన్ ఫ్యూజు పీకి చొక్కా జేబులో వేసుకునే పనిలోకి దిగేవాడు. ఎవడు స్విచ్ వేసినా బండి తిరగదు. పని అయ్యేదాకా ఎవరూ బండి వెయ్యకుండా స్విచ్‌కి తాళం వెయ్యడాన్ని లాకౌట్ అంటారు, అది అచ్చంగా ఇదే. ఇప్పుడు ఫ్యూజుల బదులు ఎంసీబీ స్విచ్‌లు వచ్చాయి, వేలితో తోస్తే చాలు. పొరపాటున ఆఫ్ నుంచి ఆన్‌కి మారిపోయే స్విచ్‌కి తాళం వేసే ఏర్పాటు ఉండాలని 1948 నాటి ఫ్యాక్టరీల చట్టం సెక్షన్ 24లోనే రాశారు కూడా, చదివిందెవరు?

తాళం బదులు స్విచ్‌కి "వెయ్యొద్దు" అని రాసి కట్టే ట్యాగ్ మీద నాకంత నమ్మకం లేదు. ఒడిశా నుంచి వచ్చిన కుర్రాడికి మన తెలుగు అట్టముక్క ఏం చెబుతుంది? తాళమైతే ఏ భాషవాడినైనా ఆపుతుంది. ఐదుగురు పనిచేస్తుంటే ఐదు తాళాలు, ఎవరి తాళంచెవి వాళ్ల జేబులో.

కరెంటు ఒక్కటే కాదు. విజయవాడ ఆటోనగర్‌లో టిప్పర్ బాడీ పైకి లేపి కింద పనిచేసే మెకానిక్‌ని అడగండి. ఇంజిన్ ఆపినా ఆ బరువంతా జాకీలోని ఆయిల్ మీదే ఉంటుంది, హోస్ పగిలితే దిగిపోతుంది. అందుకే బుద్ధున్న మేస్త్రి గట్టి ఇనుప సపోర్టు పెట్టందే కిందకి దూరడు. మిల్లులోనూ అంతే, స్విచ్ ఆపాక కూడా లోపల తిరిగే రోటర్ కాసేపు తిరుగుతూనే ఉంటుంది. అది పూర్తిగా ఆగాక, తాళం వేశాక, స్టార్ట్ బటన్ ఓసారి నొక్కి చూడాలి. కదల్లేదంటేనే చెయ్యి పెట్టాలి.

ఖర్చు సాకు మాత్రమే, తాళం వందల్లో వస్తుంది. బండి ఎప్పుడు తిరగాలో పనివాడు చెప్పడమే ఓనర్లకు మింగుడుపడదు. ఆ మిల్లు ఓనరు అడిగింది కూడా అదే, "వాడు తాళం వేసుకుని ఇంటికి పోతే నా మిల్లు ఆగిపోవాలా సార్?" దానికీ దారుంది. అమెరికాలో 1989లో తెచ్చిన నియమం ప్రకారం, ఆ మనిషి ఫ్యాక్టరీలో లేడని చూసుకుని, అతనికి కబురు చేసే ప్రయత్నం చేశాకే తాళం తియ్యాలి, మళ్లీ పనిలో చేరేలోపు ఆ సంగతి అతనికి తెలియాలి. ఇదంతా చెప్తే ఓపిగ్గా విన్నాడు. "పెట్టిద్దాం సార్, డూప్లికేట్ తాళంచెవి మాత్రం నా డ్రాయర్లోనే ఉంటుంది" అన్నాడు.