డెబ్భై పైసల మిత్తి, ఇరవై ఏళ్ల గడువు

రిజర్వు బ్యాంకు 2025లో నాలుగు విడతలుగా రెపో రేటును, అంటే బ్యాంకులకు తానిచ్చే అప్పు మీద వడ్డీని, 6.5 నుంచి 5.25 శాతానికి దించింది. ఇంటి అప్పు చవకైందని, ఇదే అదనని చెప్పేవాళ్లకు ఇప్పుడు కొదవ లేదు. నల్లగొండ అయినా మహబూబ్‌నగర్ అయినా వెంచర్ల దగ్గర ఏజెంట్ నోట్లోంచి వచ్చేవి రెండే అంకెలు: వడ్డీ ఇంత శాతం, నెలకు ఈఎంఐ ఇంత. మూడో అంకె గడువు. దాన్ని మనమూ అడగం, వాళ్లూ చెప్పరు. ఇంటికి మనం చివరికి ఎంత పెట్టామన్నది తేల్చేది మాత్రం ఆ మూడో అంకే.

పాలమూరులోనూ నల్లగొండలోనూ మిత్తి లెక్క రానివాళ్లు ఉండరు. నూటికి రెండు రూపాయలంటే లక్షకు నెలకు రెండు వేలు. కాగితం, కలం అక్కర్లేదు. అదే కొలతలో బ్యాంకు వేసే 8.5 శాతం నూటికి నెలకు 71 పైసలు. రెండు రూపాయల మిత్తికి అలవాటుపడ్డ మనిషికి ఇది ఉత్తపుణ్యానికి వచ్చినట్టే ఉంటుంది. కానీ నోటు రాసి తెచ్చిన అప్పు తీరేదాకా ఇంట్లో ఎవరికీ కునుకు పట్టదు. పత్తి అమ్మినా, వడ్లు అమ్మినా మొదట కట్టేది అక్కడే. బ్యాంకు అప్పుకు ఆ బెంగ ఉండదు. ఐదో తారీఖునో పదో తారీఖునో ఖాతాలోంచి దానంతట అదే పోతుంది. ఆ నిశ్చింతకు ఎంత కడుతున్నామో ఒకసారి చూద్దాం.

30 లక్షలు, 8.5 శాతం, 20 ఏళ్లు అనుకుందాం. ఈఎంఐ 26,035. మొదటి నెల అందులో వడ్డీ 21,250, అసలుకు జమయ్యేది 4,785. రెండో నెల వడ్డీ తగ్గేది 34 రూపాయలు. ఐదేళ్లు నిండేసరికి కట్టింది 15.62 లక్షలు, అసలు తగ్గింది 3.56 లక్షలే. పదేళ్లకు 31.24 లక్షలు కడతారు. అంటే తెచ్చినదానికంటే ఎక్కువే ఇచ్చేశారు. అయినా బాకీ ఇంకా 21 లక్షలు. ఈఎంఐలో వడ్డీ వాటా కన్నా అసలు వాటా ఎక్కువయ్యేది 143వ నెలలో, అంటే పన్నెండో ఏడు ముగుస్తుండగా. మొత్తం తీరేసరికి కట్టింది 62.48 లక్షలు.

ఇది బ్యాంకుల మోసమని తిట్టేవాళ్లున్నారు. మోసమేమీ లేదు. మిగిలిన బాకీ మీదే వడ్డీ వేస్తారు, మొదట్లో బాకీ పెద్దది కాబట్టి వడ్డీ పెద్దది. లెక్కలో తప్పు లేదు, తప్పు గడువును ఎంచుకున్న తీరులో ఉంది.

అదే 30 లక్షలకు గడువు 30 ఏళ్లు పెడితే ఈఎంఐ 23,067కు దిగుతుంది. నెలకు తగ్గింది 2,968 రూపాయలు, మొత్తం వడ్డీలో పెరిగింది 20.56 లక్షలు. 15 ఏళ్లకు కుదిస్తే నెలకు 3,507 ఎక్కువ పడుతుంది, 9.3 లక్షలు మిగులుతుంది. ఇది తెలిసీ జనం పొడవు గడువుకే ఎందుకు పోతారు? అర్హత కోసం. జీతం 50 వేలు ఉండి, అందులో సగం ఈఎంఐకి లెక్కేశారనుకోండి. నెలకు 25 వేల మీద 20 ఏళ్లకు 28.8 లక్షలు వస్తుంది, 30 ఏళ్లకు 32.5 లక్షలు. ఏజెంట్ గడువును సాగదీసి మూడు లక్షల డెబ్భై వేలు ఎక్కువ ఇప్పించానని ఘనంగా చెప్పుకుంటాడు. కట్టేది మాత్రం 60 లక్షలకు బదులు 90 లక్షలు. మూడు లక్షల డెబ్భై వేల కోసం ముప్పై లక్షలు! ఇంత మిత్తికి ఊళ్లో ఎవరైనా నోటు రాసిమ్మంటే తన్ని తరిమేస్తాం.

పైగా ఆ గడువు స్థిరంగా ఉంటుందన్న నమ్మకమూ లేదు. 2022 మే నుంచి 2023 ఫిబ్రవరి మధ్య రెపో రేటు 4 నుంచి 6.5 శాతానికి ఎక్కింది. 7 శాతానికి, 20 ఏళ్లకు 30 లక్షలు తీసుకున్నవారి ఈఎంఐ 23,259. అదే బాకీ మీద 9.5 శాతం పడితే ఒక్క నెల వడ్డీయే 23,750. అంటే కిస్తీ మొత్తం పోసినా వడ్డీకే చాలదు. చాలాచోట్ల ఈఎంఐ కదపకుండా గడువును పెంచుకుంటూ పోయారు. ఖాతాలోంచి పోయేది అంతే కాబట్టి ఇంట్లో ఎవరికీ అనుమానం రాలేదు. చివరికి 2023 ఆగస్టులో రిజర్వు బ్యాంకే కలగజేసుకుంది. రేటు మారినప్పుడు ఈఎంఐ పెంచుకోవాలా, గడువు పెంచుకోవాలా, రెండూ కొంచెం కొంచెమా అన్నది అప్పు తీసుకున్నవారే తేల్చుకోవాలని చెప్పింది. ఎంత అసలు, ఎంత వడ్డీ కట్టారు, ఇంకా ఎన్ని ఈఎంఐలు ఉన్నాయన్నది మూడు నెలలకోసారి చూపాలని కూడా ఆదేశించింది. ఆ స్టేట్‌మెంట్‌లో తక్కిన లైన్ల కంటే ముందు చూడాల్సింది మిగిలిన ఈఎంఐల సంఖ్య. పోయినసారి 212 ఉంటే ఈసారి 209 ఉండాలి. 220 ఉందంటే శాఖకు వెళ్లి, ఈఎంఐ పెంచి పాత గడువుకే తెమ్మని రాతపూర్వకంగా అడగాలి.

రేటు తగ్గినప్పుడూ జనం చేసే తప్పు ఇలాంటిదే. ఈఎంఐ తగ్గించమని అడుగుతారు. పాత ఈఎంఐనే ఉంచి గడువు తగ్గించుకోవడంలోనే లాభమంతా ఉంది. ఇంకో మెలిక ఉంది. 2019 అక్టోబరు 1 తర్వాత బ్యాంకులిచ్చిన ఫ్లోటింగ్ (మధ్యలో రేటు మారే) ఇంటి రుణాలే రెపో లాంటి బయటి కొలమానానికి ముడిపడ్డాయి. అంతకు ముందు ఎంసీఎల్‌ఆర్ మీదో బేస్ రేటు మీదో, అంటే బ్యాంకు తన ఖర్చును బట్టి తానే లెక్కగట్టే రేటు మీద, తీసుకున్నవారికి, హౌసింగ్ ఫైనాన్స్ కంపెనీల ఖాతాదారులకు, రెపో తగ్గిందన్న వార్త వెంటనే కిస్తీలో కనపడదు. కొంత ఫీజు కట్టి కొత్త రేటుకు మార్పించుకోవాలి. వేరే బ్యాంకుకు మారితే లీగల్ ఒపీనియన్, వాల్యుయేషన్, తనఖా రిజిస్ట్రేషన్ ఖర్చులు మళ్లీ మొదటికొస్తాయి. అక్కడ గడువును మళ్లీ కొత్తగా 20 ఏళ్లు పెట్టించుకుంటే తగ్గిన రేటు తెచ్చిన లాభం కాస్తా పోతుంది.

ఇక ముందస్తు చెల్లింపు. ఫ్లోటింగ్ రేటు మీద వ్యక్తులు తీసుకున్న ఇంటి అప్పును ముందే కడితే పెనాల్టీ లేదు. పై 30 లక్షల అప్పులో మొదటి ఏడాది చివర లక్ష రూపాయలు అసలుకు జమ చేస్తే చివరి 18 ఈఎంఐలు ఎగిరిపోతాయి. వడ్డీలో 3.7 లక్షలు మిగులుతుంది. అదే లక్ష పదిహేనో ఏడు చివర కడితే ఆరు ఈఎంఐలు కూడా తగ్గవు, మిగిలేది యాభై వేలు. ఏటా ఒక ఈఎంఐ అదనంగా కడుతూ పోతే 20 ఏళ్ల అప్పు 16 ఏళ్ల 9 నెలల్లో తీరుతుంది, ఆరు లక్షలకు పైగా వడ్డీ తప్పుతుంది. పిల్ల పెళ్లికనో ప్లాటుకనో తక్కువ వడ్డీ ఫిక్సెడ్ డిపాజిట్‌లో డబ్బు పెట్టుకుని, మరోపక్క 8.5 శాతం కట్టేవాళ్లు ఈ రెండు అంకెల్నీ పక్కపక్కన రాసుకోవాలి. కట్టేటప్పుడు ఒక జాగ్రత్త తీసుకోవాలి. డబ్బును లోన్ ఖాతాలో వేసి ఊరుకుంటే కొన్నిచోట్ల అది రాబోయే ఈఎంఐల కింద అడ్వాన్సుగా పడి ఉంటుంది. అసలు తగ్గించడానికే, గడువు కుదించడానికే అని రాసివ్వాలి.

పన్ను కలిసొస్తుందని అప్పు తీర్చకుండా ఉంచుకునే టీచర్లు, ఉద్యోగులు ఎందరో. సొంతంగా ఉండే ఇంటి వడ్డీ మీద 2 లక్షల మినహాయింపు పాత పన్ను విధానంలోనే ఉంది. కొత్త విధానంలో ఉన్నవారికి ఆ మినహాయింపు లేదు. పైగా 2025-26 నుంచి కొత్త విధానంలో 12 లక్షల ఆదాయం దాకా పన్నే పడదు. ఆ మాట ఇక కాలం చెల్లినట్టే.

గడువు పొడవుంటేనే మేలు అనేవారి వాదనా ఉంది. పదేళ్లు పోతే రూపాయి విలువ తగ్గుతుంది, జీతం పెరుగుతుంది, 26 వేలు అప్పుడు పెద్ద లెక్క కాదు, ఈలోపు మిగిలిన డబ్బు మ్యూచువల్ ఫండ్‌లో పెడితే అంతకంటే ఎక్కువే వస్తుందంటారు. డీఏ, పీఆర్‌సీ ఉన్న ప్రభుత్వోద్యోగికి ఇందులో కొంత నిజముంది. ప్రైవేటు స్కూలు టీచరుకు, ఆటో విడిభాగాల షాపు నడిపేవాడికి, లారీ కిస్తీలు కూడా కట్టుకునేవాడికి పదేళ్ల తర్వాత ఆదాయం పెరిగి తీరుతుందని ఎవరు రాసిస్తారు? తగ్గిన రెండు మూడు వేల ఈఎంఐని నెల తప్పకుండా ఫండ్‌లో వేసేవాళ్లు ఎంతమంది? ఆ డబ్బు చాలామందికి బండి కిస్తీలోకి పోతుంది.

మంజూరైన రోజు చేతికిచ్చే కాగితాల్లో కీ ఫ్యాక్ట్ స్టేట్‌మెంట్ ఉంటుంది. 2024 అక్టోబరు 1 నుంచి ఇది తప్పనిసరి. అందులో వడ్డీ రేటు ఒకచోట, ఏపీఆర్ అని మరోచోట ఉంటాయి. ప్రాసెసింగ్ ఫీజు, లీగల్ ఫీజు, బీమా ప్రీమియం అన్నీ కలిపితే ఏడాదికి నిజంగా పడే శాతం ఏపీఆర్. రెండింటి మధ్య తేడా ఎక్కువగా కనబడితే మొదట బీమా లైను వెతకాలి. అప్పుతోపాటు ఒకేసారి కట్టే జీవిత బీమాను అంటగట్టి, ఆ ప్రీమియాన్ని అప్పులోనే కలుపుతారు. లక్ష ప్రీమియం కలిపితే 20 ఏళ్లలో దానికే 2.08 లక్షలు కడతారు. అప్పున్న మనిషికి బీమా అవసరమే, కానీ విడిగా టర్మ్ పాలసీ తీసుకోవచ్చు. ఇక్కడే తీసుకోవాలన్న నిబంధన రిజర్వు బ్యాంకు పెట్టలేదు. పాలసీ చేతికందిన 30 రోజుల్లోపు వద్దని తిప్పి పంపవచ్చు కూడా.

సొంత జాగాలో కట్టుకునేవారికి ఇంకో ఖర్చుంది. బేస్‌మెంట్, లెంటల్, స్లాబ్ అంటూ దశలవారీగా డబ్బు విడుదలవుతుంది. ఇల్లు పూర్తయ్యేదాకా విడుదలైనదాని మీద వడ్డీ మాత్రమే కడుతుంటే, అసలు రూపాయి తగ్గదు. 20 లక్షలు విడుదలై, ఇసుక దొరక్కో మేస్త్రీ రాకో పని 18 నెలలు ఆగితే 2.55 లక్షలు అలా పోతాయి. అడిగితే చాలా బ్యాంకులు విడుదలైన మేరకు పూర్తి ఈఎంఐ మొదలుపెడతాయి.

ఇంతకంటే ఖరీదైన భాగం అసలు బ్యాంకు కాగితాల్లోనే ఉండదు. 40 లక్షల ఇంటికి డాక్యుమెంటులో 30 లక్షలే రాస్తారు. బ్యాంకు చూసేది ఆ 30. అందులో 90 శాతం ఇచ్చినా వచ్చేది 27 లక్షలు. స్టాంపు డ్యూటీ, ట్రాన్స్‌ఫర్ డ్యూటీ, రిజిస్ట్రేషన్ ఫీజు కలిపి తెలంగాణలో 7.5 శాతం. ఇది లోనులో కలవదు, సొంతంగా పెట్టుకోవాలి. బంగారం అమ్మగా, చిట్టీ ఎత్తగా ఇంకా నాలుగు లక్షలు తక్కువైతే రెండు రూపాయల మిత్తికి తెస్తారు. నెలకు ఎనిమిది వేలు. మూడేళ్లకు 2.88 లక్షలు మిత్తికే పోతుంది, అసలు నాలుగు లక్షలు అలాగే కూర్చుంటుంది. స్థిరాస్తి అమ్మకంలో 20 వేలు, ఆపైన నగదు తీసుకోవడం చట్టవిరుద్ధం, తీసుకున్నవారికి అంతే మొత్తం జరిమానా. అయినా ఈ పద్ధతి ఆగలేదు. రేపు ఇల్లు అమ్మేటప్పుడు కొన్న ధర 30 లక్షలే కాబట్టి లేని లాభం మీద పన్ను కూడా ఈ కొనుగోలుదారే కట్టాలి.

ఇక్కడే అసలు అన్యాయం మొదలవుతుంది. రెపో రేటు తగ్గించడం వల్ల మేలు జరిగేది కాగితం సరిగా ఉన్నవారికి. డీటీసీపీ (పట్టణ ప్రణాళిక శాఖ) ఆమోదించిన లేఅవుట్, పాత యజమానుల లింకు డాక్యుమెంట్లు, ఆస్తి మీద తాకట్టులు, లావాదేవీలు చూపే ఈసీ, అనుమతి ప్లాను ఉన్నవాడికి ప్రభుత్వ రంగ బ్యాంకు తలుపు తీస్తుంది. దేవరకొండ, కల్వకుర్తి, అచ్చంపేట వైపు పల్లెల్లో ఇళ్లు చాలావరకు గ్రామకంఠంలో, అంటే ఊరి ఉమ్మడి నివాస స్థలంలో, ఉన్నాయి. ఇంటి పన్ను రసీదు తప్ప చేతిలో ఏమీ ఉండదు. పట్టణాల అంచుల్లో పంచాయతీ లేఅవుట్ ప్లాట్లు కొన్నవారు 2020లో ఎల్ఆర్ఎస్‌కు, అంటే అనుమతి లేని లేఅవుట్లను క్రమబద్ధం చేసే పథకానికి, దరఖాస్తు పెట్టుకుని కూర్చున్నారు. 2025లో 25 శాతం రాయితీ ఇస్తే తప్ప ఆ దస్త్రాలు కదల్లేదు. వీళ్లకు మిగిలేది అధిక వడ్డీ హౌసింగ్ ఫైనాన్స్ కంపెనీ, లేదంటే నోటు. 15 లక్షలకు, 20 ఏళ్లకు, 8.5 శాతమైతే ఈఎంఐ 13,017. 12.5 శాతం పడితే 17,042. మొత్తంలో తేడా 9.66 లక్షలు. సిమెంటు అదే, ఇటుక అదే, మేస్త్రీ కూలీ అదే. ఈ 9.66 లక్షలు కేవలం కాగితం లేనందుకు పేదవాడు కట్టే జరిమానా.

ఇందిరమ్మ ఇళ్ల పథకం 5 లక్షలిస్తుంది, సంతోషమే. అదీ పని జరిగాక దశలవారీగా వస్తుంది. బేస్‌మెంట్ లేస్తేనే మొదటి విడత. ఆ బేస్‌మెంట్ లేపే డబ్బు మళ్లీ మిత్తికే. ప్రభుత్వం సొమ్ము పంచడం కన్నా గ్రామకంఠం ఇళ్లకు బ్యాంకు ఒప్పుకునే హక్కు పత్రం ఇస్తే ఖజానాకు ఖర్చు తక్కువ, కుటుంబానికి మిగిలేది ఎక్కువ. కలెక్టర్ అధ్యక్షతన లీడ్ బ్యాంకు (జిల్లాలో బ్యాంకులన్నిటినీ సమన్వయం చేసే బ్యాంకు) వాళ్లతో మూడు నెలలకోసారి జిల్లా సంప్రదింపుల కమిటీ సమావేశం జరుగుతుంది. పంట రుణాలు ఎంత, మహిళా సంఘాలకు ఎంత అని అక్కడ లెక్కలు చదువుతారు. నల్లగొండ, మహబూబ్‌నగర్, నాగర్‌కర్నూల్ కలెక్టర్లు వచ్చే సమావేశం ఎజెండాలో ఒక్క పట్టిక చేర్చమనాలి: కాగితాలు చాలవని తిప్పి పంపిన ఇంటి రుణ దరఖాస్తులు మండలాలవారీగా ఎన్ని, ఒక్కోదానిలో లేని కాగితం ఏది.